బళ్ళారి రాఘవ తెర జీవితం: మూడు చిత్రాలు, ఒక అభినయ దస్తావేజు

ఉపోద్ఘాతం

తెలుగు నాటకరంగ చరిత్ర రాసిన వారెవరూ బళ్ళారి రాఘవను విస్మరించలేదు. ఆయన వాచికాన్ని, కనుచూపును, పాత్రలో లీనమైన తీరును ప్రత్యక్షంగా చూసినవారు మెచ్చుకుంటూ రాశారు. తరువాతివారు ఆ మెప్పునే ఉటంకిస్తూ వచ్చారు. దీనివల్ల ఆయన కీర్తి నిలిచింది కాని ఆయన అభినయ పద్ధతి పరిశీలనకు అందకుండా పోయింది. నాటకం ఆడిన రాత్రితోనే ముగుస్తుంది. పాఠం అచ్చులో మిగులుతుంది, నటన మిగలదు. రాఘవ నటనకు కదిలే బొమ్మగా, వినిపించే మాటగా నమోదైన సాక్ష్యం ఆయన నటించిన మూడే మూడు చలనచిత్రాలు: ‘ద్రౌపదీ మానసంరక్షణం’ (1936), ‘రైతుబిడ్డ’ (1939), ‘చండిక’ (1940).

ఈ మూడు చిత్రాలకు రాఘవ జీవిత చరిత్రల్లో దక్కే చోటు సాధారణంగా ఒకటి రెండు వాక్యాలు. నాటకరంగంలో మహానటుడైన వ్యక్తి సినిమాలో రాణించలేకపోయాడనేది ఆ వాక్యాల సారాంశం. వయసు మీరిందని, తెర ఆయనకు సరిపడలేదని కారణాలు చెబుతారు. తెరమీదికి వచ్చేనాటికి ఆయన వయసు 56 సంవత్సరాలు కావడం నిజమే. అయితే వయసే కారణమైతే మూడు చిత్రాల ఫలితమూ ఒకే తీరుగా ఉండాలి. పౌరాణిక చిత్రంలో ఇమడని నటుడు మూడేళ్ళ తరువాత ఒక రైతు పాత్రలో గుర్తుండిపోవడానికి కారణం వేరే వెదకాలి. ఏ రకమైన సినిమా ఆయన అభినయానికి చోటిచ్చింది, ఏది ఇవ్వలేదు అనే ప్రశ్నను చారిత్రక నేపథ్యంలో పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

దత్తమండలం నేపథ్యం

రాఘవ 1880 ఆగస్టు 2న తాడిపత్రిలో జన్మించారు. అప్పటికి అనంతపురం జిల్లా లేదు. తాడిపత్రి బళ్ళారి జిల్లాలో భాగం. 1882లో బళ్ళారి జిల్లాను విభజించి అనంతపురం జిల్లాను ఏర్పరిచారు. కాబట్టి తాడిపత్రిలో పుట్టి బళ్ళారిలో స్థిరపడిన రాఘవ ఒక ప్రాంతం విడిచి మరో ప్రాంతానికి వలస వెళ్ళినట్లు భావించడం సరికాదు. ఆనాటి పాలనలోనూ సాంస్కృతికంగానూ అదంతా ఒకే సీమ. తాడిపత్రి, ధర్మవరం, కల్యాణదుర్గం, కుందుర్పి, రాయదుర్గం, బళ్ళారి అన్నీ ఆ సీమలోని ఊళ్ళే. కుందుర్పి వంటి సరిహద్దు గ్రామాల్లో తెలుగు, కన్నడం ఇరుగుపొరుగు ఇళ్ళ భాషలు. రాఘవ తెలుగు, కన్నడ, ఆంగ్ల నాటకాలలో సమాన అధికారంతో నటించారని ప్రశంసించేవారు దాన్ని వ్యక్తిగత ప్రతిభగానే చూపుతారు. ఆ ప్రతిభకు పుట్టిన నేల సమకూర్చిన పునాదిని కూడా లెక్కలోకి తీసుకోవాలి.

ఆ నేలకు మరొక గుర్తు కరువు. రాఘవ పుట్టడానికి కొద్ది సంవత్సరాల ముందే, 1876-78 మధ్య, ధాతు కరువు దత్తమండలాన్ని కబళించింది. ఆ కరువు కథలు వింటూ పెరిగిన తరం ఆయనది. వార్షిక సగటు వర్షపాతం 550 మిల్లీమీటర్లకు అటూఇటూగా ఉండే ఈ పీఠభూమిలో సేద్యమంటే వానతో ఆడే జూదం. ఆయన చివరి దశలో తెరమీద ధరించిన రైతు పాత్రను పరిశీలించేటప్పుడు ఈ నేపథ్యం అవసరమవుతుంది.

బళ్ళారి నాటకరంగంలో అప్పటికే రెండు బలమైన సంస్థలుండేవి. ధర్మవరం రామకృష్ణమాచార్యులు స్థాపించిన సరస వినోదిని సభ ఒకటి, కోలాచలం శ్రీనివాసరావు ఆధ్వర్యంలోని సుమనోరమ సభ మరొకటి. రామకృష్ణమాచార్యులు రాఘవకు మేనమామ. 1887లో ప్రదర్శితమైన ‘చిత్రనళీయం’తో తెలుగు నాటకంలో రాగయుక్తమైన పద్యపఠనానికి, పాటకు ప్రతిష్ఠ తెచ్చిన ‘ఆంధ్ర నాటక పితామహుడు’ ఆయనే. మేనమామ నెలకొల్పిన సంప్రదాయాన్నే మేనల్లుడు తరువాతి కాలంలో ప్రశ్నించాడు. అంతేకాదు, మేనమామ సభకు పోటీగా నిలిచిన కోలాచలం వారి విజయనగర పతన నాటకంలో పఠాన్ రుస్తుం పాత్ర ధరించి పేరు పొందాడు. ఈ నాటకాన్ని ఆంగ్ల ప్రభుత్వం నిషేధించింది. తన నాటకం నిషేధానికి గురికావడం రాఘవకు అది మొదటిసారి. ‘రైతుబిడ్డ’తో అదే మరోసారి జరిగింది.

రంగస్థలంపై ఎదురీత

రాఘవ వృత్తి న్యాయవాదం. నాటకంతో ఆయన పొట్ట పోసుకోలేదు. సమాజాలు, కాంట్రాక్టు నాటకాలు పెరిగి, నటుడి విలువను పద్యానికి పడే ‘వన్స్‌మోర్’లతో కొలిచే కాలంలో ఆయనకు దక్కిన స్వేచ్ఛకు ఈ ఆర్థిక స్వాతంత్ర్యమే ఆధారం. ప్రేక్షకుడు కోరితే చనిపోయిన పాత్ర లేచి మళ్ళీ పద్యం పాడి మళ్ళీ చనిపోయే రోజులవి. అటువంటి సందర్భంలో పద్యాన్ని సంభాషణగా పలకాలని, రాగాలాపన భావాన్ని మింగివేయరాదని పట్టుబట్టడం వృత్తి నటుడికి సాధ్యమయ్యే పని కాదు. ఆ పట్టుదలకు మూల్యం చెల్లించగలిగిన స్థితి రాఘవకు ఉంది.

ఆయన రెండవ పట్టుదల స్త్రీ పాత్రలకు సంబంధించినది. స్థానం నరసింహారావు వంటి మహానటులు స్త్రీ పాత్రధారణను కళగా శిఖరానికి చేర్చిన కాలంలోనే, స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించాలని రాఘవ వాదించారు. వాదించి ఊరుకోలేదు. కొమ్మూరి పద్మావతీదేవి, కొప్పరపు సరోజిని వంటి నటీమణులతో కలిసి నటించారు. పి.వి. రాజమన్నారు ‘తప్పెవరిది’ వంటి సాంఘిక నాటకాలను రంగమెక్కించారు. గాంధీజీ సమక్షంలో ‘దీనబంధు కబీర్’ ప్రదర్శించారు. 1920ల చివరలో ఇంగ్లండు వెళ్ళి అక్కడి రంగస్థలాన్ని చూశారు, బెర్నార్డ్ షాను కలిశారు. ఈ సంఘటనలను ఘనతలుగా ఏకరువు పెట్టడం వాడుక. వీటిని కలిపి చూస్తే ఒక క్రమం కనిపిస్తుంది: పాడే నాటకం నుంచి మాట్లాడే నాటకానికి, పురాణం నుంచి సమకాలీన సమస్యకు, వేషం నుంచి మనిషికి. రాఘవ తెరమీదికి వచ్చేనాటికి ఈ ప్రయాణం దాదాపు పూర్తయింది. తెలుగు సినిమా మాత్రం అప్పుడే మొదటి అడుగులు వేస్తున్నది.

1936: పద్యం గెలిచిన పోటీ

1932లో విడుదలైన ‘భక్త ప్రహ్లాద’తో మొదలైన తెలుగు టాకీ తొలి సంవత్సరాలలో రంగస్థలానికి పొడిగింపే. కథలు నాటకాలవే, నటులు నాటక సమాజాలవారే. ప్రేక్షకుడు డబ్బిచ్చి కొనుక్కున్నది తనకు తెలిసిన పద్యాన్నే. ధ్వని రాకతో సినిమా వాస్తవికతవైపు మళ్ళుతుందని ఊహించడం సులభం. తెలుగులో జరిగింది దీనికి విరుద్ధం. ధ్వని వచ్చింది కనుకనే పద్య నాటకం యథాతథంగా తెరకెక్కగలిగింది.

1936లో ఒకే ఇతివృత్తంపై రెండు చిత్రాలు పోటీపడ్డాయి. లక్ష్మీ ఫిలిమ్స్ ‘ద్రౌపదీ మానసంరక్షణం’లో దుర్యోధనుడు రాఘవ, శ్రీకృష్ణుడు బందా కనకలింగేశ్వరరావు. సరస్వతీ టాకీస్ ‘ద్రౌపదీ వస్త్రాపహరణం’లో దుర్యోధనుడు యడవల్లి సూర్యనారాయణ, శ్రీకృష్ణుడు సి.ఎస్.ఆర్. ఆంజనేయులు, ద్రౌపది కన్నాంబ. ప్రేక్షకులు రెండవ చిత్రాన్ని ఆదరించారు. మొదటిది నిలవలేదు.

ఈ ఫలితాన్ని నటుల మధ్య పోటీగా చూడటం కంటే అభినయ పద్ధతుల మధ్య పోటీగా చూడటం సమంజసం. మొదటి చిత్రంలోని ఇద్దరు ప్రధాన నటులూ న్యాయవాదులు. నాటకాన్ని జీవనోపాధిగా కాక కళావ్యాసంగంగా స్వీకరించినవారు. రెండవ చిత్రానికి బలం వృత్తి రంగస్థలం మెరుగుపెట్టిన పద్య గానం. పౌరాణిక చిత్రంలో దుర్యోధనుడి నుంచి ప్రేక్షకుడు ఆశించేది అతని మనోవ్యథను కాదు, అభిమానధనుడి గంభీర పద్యాన్ని. రాఘవ రంగస్థలంపై దశాబ్దాలుగా తగ్గించాలని చూసిన అంశమే ఇక్కడ గెలుపోటములను నిర్ణయించింది. ఆయన ఓడిపోయింది సినిమా చేతిలో కాదు. సినిమాలోకి చొరబడిన పాత నాటకం చేతిలో.

1939: నర్సిరెడ్డి

మూడు సంవత్సరాల తరువాత పరిస్థితి మారింది. ‘ప్రజామిత్ర’ పత్రిక సంపాదకుడుగా సంస్కరణోద్యమాలకు దగ్గరైన గూడవల్లి రామబ్రహ్మం సారథీ ఫిలిమ్స్ తరఫున 1938లో ‘మాలపిల్ల’ తీశారు. అస్పృశ్యతను ఎదిరించిన ఆ చిత్రంలో సంభాషణలు వ్యావహారిక భాషలో నడిచాయి. దాని విజయంతో వచ్చిన ధైర్యంతో తలపెట్టినది ‘రైతుబిడ్డ’. ఇందులో నర్సిరెడ్డి అనే రైతు పాత్రకు ఆయన రాఘవను ఎంచుకున్నారు.

‘రైతుబిడ్డ’ తన కాలపు ఆందోళన మధ్యలోంచి వచ్చిన చిత్రం. ఎన్.జి. రంగా తదితరుల నాయకత్వంలో కోస్తా జిల్లాల్లో రైతు ఉద్యమం ఉద్ధృతంగా ఉన్న కాలమది. 1937 ఎన్నికల్లో జస్టిస్ పార్టీ ఓడి మద్రాసు రాష్ట్రంలో కాంగ్రెస్ ప్రభుత్వం ఏర్పడింది. జమీందారీ ప్రాంతాల పరిస్థితులపై టంగుటూరి ప్రకాశం అధ్యక్షతన ఏర్పడిన సంఘం 1938లో నివేదిక సమర్పించింది. చిత్రంలోని నర్సిరెడ్డి జమీందారు చెప్పిన వ్యక్తికి కాక రైతుల అభ్యర్థికి మద్దతుగా నిలుస్తాడు. అప్పులిచ్చే షావుకారు, జమీందారు మనుషులు అతన్ని వేధిస్తారు. పత్రికల్లో, సభల్లో జరుగుతున్న చర్చకు ఇంత సమీపంగా నిలిచిన తెలుగు చిత్రం అంతకుముందు లేదు. బొబ్బిలి, వెంకటగిరి జమీందారులు అభ్యంతరం తెలిపారు. చిత్ర ప్రదర్శన నిషేధానికి గురైంది. సారథీ ఫిలిమ్స్‌కు వెనుక దన్నుగా నిలిచినది చల్లపల్లి జమీందారు యార్లగడ్డ శివరామప్రసాద్ కావడం ఈ కథలోని చమత్కారం.

డాక్యుమెంటరీ అనే మాట ఆంగ్ల సినిమా విమర్శలో 1926లో జాన్ గ్రియర్సన్ వాడుకతో స్థిరపడింది. ‘రైతుబిడ్డ’ ఆ కోవకు చెందిన చిత్రం కాదు. అది కల్పిత కథ, పాటలూ నృత్యాలూ ఉన్న వినోద చిత్రం. అయితే సమకాలీన వాస్తవాన్ని నమోదు చేయాలన్న ఉద్దేశంలోనూ, ప్రబలమైన పౌరాణిక ధోరణికి వెలుపల నిలవడంలోనూ, తరువాతి కాలంలో స్వతంత్ర సినిమాగా పిలుచుకున్నదానికి తెలుగులో అది పూర్వరూపం. త్రిపురనేని గోపీచంద్, కొసరాజు రాఘవయ్య చౌదరి వంటి రచయితలు సినిమాలో అడుగుపెట్టింది ఈ చిత్రంతోనే. సాహిత్యంలో వ్యావహారిక భాష, సాంఘిక ఇతివృత్తం సాధించిన స్థానాన్ని తెరమీద సాధించే ప్రయత్నంలో రాఘవ వంటి నటుడి అవసరం ఏర్పడింది.

ఇక్కడ ఒక అంశం పరిశీలకుల దృష్టికి అంతగా రాలేదు. నర్సిరెడ్డి ఉండేది జమీందారీ గ్రామంలో. రాఘవ పుట్టి పెరిగిన దత్తమండలం ప్రధానంగా రైత్వారీ ప్రాంతం. 1800 నుంచి 1807 వరకు ఇక్కడ ప్రిన్సిపల్ కలెక్టరుగా ఉన్న థామస్ మన్రో పాళెగాళ్ళ బలాన్ని అణచి, శిస్తును సర్కారు నేరుగా రైతు నుంచి వసూలు చేసే పద్ధతికి పునాది వేశాడు. కుందుర్పి కొండమీది కోట ఆ అణగిపోయిన పాళెగాళ్ళ కాలపు గుర్తు. ఆ కోట కింది మెట్టరైతుకు జమీందారు లేడు. పట్టా ఉంది, శిస్తు ఉంది, వాన లేదు, అప్పు ఉంది. అంటే రాఘవ తెరమీద అభినయించిన బాధలో సగం ఆయన సీమకు పరాయిది, సగం సొంతం. కౌలు, జమీందారు దౌర్జన్యం కృష్ణా, విశాఖ జిల్లాల అనుభవం. షావుకారు చిట్టా మాత్రం అన్ని జిల్లాలదీ. కరువు సీమలో న్యాయవాదిగా బతికిన మనిషికి అప్పు పత్రాలు, జప్తులు, కోర్టు మెట్లెక్కిన రైతులు అపరిచితులు కారు. ఆ పాత్రకు అవసరమైన పరిశీలన ఆయన వృత్తిలోనే ఉందనడం అసంగతం కాదు.

పౌరాణిక చిత్రంలో లోపంగా కనిపించిన గుణాలు ఇక్కడ పాత్రకు బలమయ్యాయి. రైతు పద్యం పాడనక్కరలేదు. అతని మాటకు రాగం అవసరం లేదు. అరవయ్యవ ఏటికి చేరువైన నటుడి వయసు కుటుంబ భారం మోసే రైతుకు తగినది. రంగస్థలంపై రాఘవ అడిగినదల్లా పాత్ర మనిషిలా మాట్లాడాలని. ‘రైతుబిడ్డ’ అటువంటి పాత్రనే ఆయనకు ఇచ్చింది.

‘చండిక’, ఆ తరువాత

1940లో వచ్చిన ‘చండిక’లో రాఘవ గిరిరాజు పాత్ర ధరించారు. కన్నాంబ, వేమూరి గగ్గయ్య ఇతర ముఖ్య పాత్రధారులు. కన్నాంబ ప్రాభవం కేంద్రంగా నడిచిన ఈ జానపద చిత్రం రాఘవ ఆశయాలకు ‘రైతుబిడ్డ’ అంత దగ్గరగా లేదు. దీని తరువాత ఆయన తెరమీద కనిపించలేదు. 1946 ఏప్రిల్ 16న మరణించారు. గూడవల్లి రామబ్రహ్మం కూడా అదే సంవత్సరం కన్నుమూశారు. తెలుగులో ఒక ప్రత్యామ్నాయ సినిమా ధోరణికి దర్శకుడు, దానికి తగిన నటుడు ఏడాది తిరగకుండానే వెళ్ళిపోయారు.

చిత్రాన్ని దస్తావేజుగా చదవడం

ఈ చిత్రాల ఆధారంగా రాఘవ రంగస్థల నటనను పూర్తిగా పునర్నిర్మించవచ్చని భావించడం తొందరపాటు. నాటకంలో నటుడు మొత్తం పాత్రను ఒక రాత్రిలో వరుసగా జీవిస్తాడు. చిత్రీకరణలో పాత్ర ముక్కలై, క్రమం తప్పి నమోదవుతుంది. వేల మందికి వినిపించేలా సాధన చేసిన గొంతు మైక్రోఫోను ముందు అణగాలి. ఆనాటి ధ్వనిగ్రహణ పరిమితులు నటుడి కదలికను కూడా నిర్బంధించాయి. కాబట్టి తెరమీద కనిపించేది రంగస్థల రాఘవకు నకలు కాదు.

అయినా కొన్ని విషయాలు ఈ సాక్ష్యం నుంచే గ్రహించగలం. వాక్యంలో ఊనిక ఎక్కడ పడుతుంది, విరామం ఎంతసేపు, సీమ ఉచ్చారణ ఎంతవరకు నిలిచింది, ఎదుటి పాత్ర మాట్లాడుతున్నప్పుడు నటుడు ఏం చేస్తున్నాడు అనే ప్రశ్నలకు ప్రశంసా వ్యాసాలు జవాబివ్వవు. చిత్రం ఇస్తుంది. నాటక పాఠానికి పాఠాంతరాలు చూసినట్లే, అభినయానికి కూడా ఈ వివరాలను పట్టిక వేసి, సమకాలిక నటుల వాచికంతో పోల్చి చూడవలసి ఉంది. ‘పద్యాన్ని సంభాషణగా పలికాడు’ అన్న మాట అప్పుడే నిరూపణకు అందే ప్రతిపాదన అవుతుంది.

నటుణ్ణి కాక ప్రదర్శకుణ్ణి తెచ్చి తెరమీద నిలిపే పద్ధతి తెలుగులో ఇక్కడితో ఆగలేదు. 1979లో గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో, బి. నర్సింగరావు నిర్మాణంలో రూపొందిన ‘మాభూమి’లో గద్దర్ పాటగాడిగానే కనిపించి యాదగిరి పాటను ఆలపించారు. అక్కడా ఇతివృత్తం భూమే, శత్రువు దొరే. రాఘవకు, గద్దర్‌కు మధ్య కాలంలో, భావజాలంలో, కళారూపంలో ఎంతో దూరం ఉంది. అయితే వ్యాపార సినిమాకు వెలుపల పనిచేసిన చిత్రకారుడు తన సత్యానికి సాక్షిగా మరో రంగంలో పేరుపొందిన ప్రదర్శకుణ్ణి పిలవడం రెండుచోట్లా ఒకటే. గద్దర్ పాటకు దక్కిన పరిశోధన రాఘవ పాత్రకు దక్కలేదు.

ముగింపు

ఈ నిర్లక్ష్యానికి ఒక భౌగోళిక కారణం కూడా ఉంది. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు బళ్ళారి మైసూరు రాష్ట్రంలో చేరింది. రాఘవ పుట్టిన ఊరు ఒక రాష్ట్రంలో, పేరులో మోసిన ఊరు మరో రాష్ట్రంలో మిగిలాయి. బళ్ళారిలో ఆయన పేర రాఘవ కళామందిరం ఉంది. తెలుగు నాట ఆయన పేర పురస్కారాలున్నాయి. స్మరణ రెండువైపులా ఉంది. సరిహద్దుకు అటూ ఇటూ చెదిరిన ఆధారాలను ఒకచోట చేర్చే బాధ్యత మాత్రం ఎవరిదీ కాకుండా పోయింది. 2022లో జరిగిన జిల్లాల పునర్విభజనతో ఆయన మేనమామ పేరులోని ధర్మవరం శ్రీ సత్యసాయి జిల్లాలోకి వెళ్ళింది. ఒకనాటి ఒకే నాటకసీమ ఇప్పుడు రెండు రాష్ట్రాల్లో, పలు జిల్లాల్లో ఉంది.

పుణెలో జాతీయ చలనచిత్ర భాండాగారం 1964లో ఏర్పడే నాటికే తొలితరం తెలుగు చిత్రాలలో అనేకం నశించాయి. నైట్రేటు ఫిలిము స్వభావమే నశించడం. తాటాకు చెదలు పడితే ప్రతి రాసి కాపాడుకున్న సంప్రదాయం మనది. తెరమీది అభినయాన్ని ఆ శ్రద్ధతో చూడటం సాహిత్య శాఖలకు ఇంకా అలవాటు కాలేదు. రాఘవ తెర జీవితం విఫల ప్రయత్నం కాదని పై పరిశీలన వల్ల తేలుతున్నది. పాత నాటకాన్ని మోసిన సినిమా ఆయనను తోసిపుచ్చింది. కొత్త సమాజాన్ని అడిగిన సినిమా ఆయనను పిలిచింది. అటువంటి సినిమా ఆయన జీవితకాలంలో ఒక్కటే వచ్చింది. ఆ ఒక్కదానిలోని నర్సిరెడ్డిని ఫ్రేము ఫ్రేముగా చదివినప్పుడు రాఘవ గురించిన మన మాటలకు ఆధారం దొరుకుతుంది. నాటక పాఠాలకు పరిష్కృత ప్రతులు సిద్ధం చేసిన విశ్వవిద్యాలయ తెలుగు శాఖలు చేపట్టదగిన తరువాతి పని ఇది.